దీంట్ల గామె పేరుందా?

నా సిద్ధాంత గ్రంథాన్ని బైండు చేయించి ఇంద్రేశం తీసుకెళ్ళినప్పుడు అమ్మ దాన్ని ఒళ్ళో పెట్టుకుని చాలాసేపు తడిమింది. అమ్మకి చదువు రాదు. తెలుగు నవలా రచయిత్రుల మీద రాశానని చెబితే, "అయితే దీంట్ల గామె పేరుందా? చక్రవాకం తీసినామె?" అంది. లేదన్నాను. "ఎందుకు లేదే?" అనడిగింది. నేను మాట మార్చాను.

చక్రవాకం జెమినీ టీవీలో 2003 నుంచి 2008 దాకా వచ్చింది. అప్పుడు అమ్మ పటాన్‌చెరు దగ్గర ఒక మందుల ఫ్యాక్టరీలో కాంట్రాక్టు మీద ప్యాకింగ్ పని చేసేది. రోజంతా నిలబడ్డ కాళ్ళు చాపుకుని టీవీ ముందు కూర్చునేది. పేర్లు పడుతుంటే "గది సదువు బిడ్డా" అనేది. దర్శకత్వం, మంజులా నాయుడు అని చదివేదాన్ని. "ఆడామెనా!" అని ప్రతిసారీ కొత్తగా మురిసిపోయేది.

చూసిందల్లా నమ్మేది కాదు అమ్మ. ఏ పాత్రయినా మరీ ఓర్చుకుంటుంటే "గిట్లెవలు పడ్తరు, ఇడ్సిపెట్టి పోక" అని విసుక్కునేది. నాన్నతో తనెంత పడిందో నాకు తెలుసు. ఆ మాట తనకే చెప్పుకుంటోందని మాత్రం అప్పట్లో అర్థం కాలేదు. పక్కగదిలో పుస్తకాలు ముందేసుకుని, సీరియళ్ళు చూసే ఆడవాళ్ళంటే చిన్నచూపు నేర్చుకుంటున్నాను నేను.

మంజులా నాయుడు 1990లలో దూరదర్శన్‌కి ఋతురాగాలు తీశారు. చక్రవాకం అయిపోగానే 2008 నుంచి 2013 దాకా మొగలిరేకులు. రచనలో సోదరి బిందు నాయుడు తోడు. ఈ చివరి రెండూ ఒక్కొక్కటి వెయ్యి ఎపిసోడ్లు దాటాయి. అంటే ఏళ్ళ తరబడి దాదాపు రోజూ కొత్త సన్నివేశం, కొత్త సంభాషణ కావాలి. ప్రకటనలు పోగా మిగిలిన కొద్ది నిమిషాల్లోనే రేపటికి ఒక ముడి వేయాలి. ఇది చాకిరీ. ఇది రచన కూడా.

1960, 70లలో యద్దనపూడి సులోచనారాణి వంటి వారి నవలలు వారపత్రికల్లో సీరియళ్ళుగా వస్తుంటే వాటినీ వంటింటి సాహిత్యమని, కాలక్షేపమని తీసిపారేశారు. ఆ తీసిపారేయడాన్ని నా గ్రంథంలో ఒక అధ్యాయమంతా ప్రశ్నించాను. మరి టీవీ రచయిత్రుల విషయంలో నేను చేసిందీ అదే. నా మొదటి ప్రణాళికలో వాళ్ళ మీద ఒక అధ్యాయం ఉండేది. ఎవరూ తీసేయమనలేదు. నవ్వుతారని నేనే కొట్టేశాను.

సీరియళ్ళలో విమర్శించాల్సింది లేదని కాదు. చాలా ఉంది. కానీ విమర్శించాలన్నా ముందు చూడాలి, తీసినవాళ్ళ పేరు చెప్పాలి. చదువు రాని అమ్మ ఆ పేరు అడిగి మరీ గుర్తుపెట్టుకుంది. చదివి చెప్పిన నేను వదిలేశాను.

కొట్టేసిన అధ్యాయం ఇప్పుడు మళ్ళీ మొదలుపెట్టాను. సెలవులకి వెళ్ళినప్పుడు అమ్మ పక్కన కూర్చుని పాత ఎపిసోడ్లు చూస్తున్నాను. మధ్యలో ఆపి ఏదో రాసుకోబోతే అమ్మ ఊరుకోదు. "జర ఆగు, గా పిల్ల ఏమంటదో ఇననియ్యి" అంటుంది.