చూరులో దోపిన కాగితం

పోస్టు కొంచెం పెద్దది. మీ ఇంట్లో ఎవరైనా ప్రోనోటు మీద సంతకం పెట్టి ఉంటే మాత్రం ఓపిగ్గా చదవండి.

మేం నలుగురం విశాఖలో ఒకే హాస్టల్ గదిలో ఉంటాం. మా ఇళ్లల్లో కాలేజీ గడప తొక్కిన మొదటివాళ్లం మేమే. అందుకే ఊళ్లో ఎవరికి ఏ కాగితం వచ్చినా ఫోటో తీసి మాకే పంపిస్తారు. ఆర్నెల్ల కిందట మాలో ఒకడి బాబాయి కోర్టు సమన్లు పంపాడు. ఆయన సంతలో చింతపండు, పసుపు కొని మైదానంలో ఒక షావుకారుకి వేసేవాడు. లక్షన్నర అడ్వాన్సు తీసుకుని, ఖాళీ ప్రోనోటు మీద సంతకం పెట్టాడు. అందులో 4 లక్షలు రాసుకుని షావుకారు దావా వేశాడు. సమన్లు వచ్చి అప్పటికే వారం. చూరులో దోపేసి, "వాయిదా నాడు వెళ్లి చెప్పేస్తాన్లే" అన్నాడు బాబాయి.

మేమూ సరేలే అనుకున్నాం. లా చదివే సీనియర్ అక్క ఆ ఫోటో చూసి కంగారుపడింది. "ఇది మామూలు దావా కాదురా, సమ్మరీ సూట్. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఆర్డర్ 37. ఇందులో మన వాదన చెప్పుకోవాలన్నా ముందు కోర్టు అనుమతి కావాలి" అంది.

అక్క చెప్పింది ఇదీ. సమన్లు అందిన 10 రోజుల్లో కోర్టులో హాజరు వేయాలి. వేయకపోతే వాది రాసిందంతా మనం ఒప్పుకున్నట్టే లెక్క, డిక్రీ అయిపోవచ్చు. హాజరు వేశాక, తీర్పు ఇమ్మంటూ వాది ఇంకో సమన్లు పంపిస్తాడు. అది అందిన 10 రోజుల్లో మన సంగతంతా అఫిడవిట్‌లో రాసి అనుమతి అడగాలి. దాన్నే లీవ్ టు డిఫెండ్ అంటారు.

తొమ్మిదో రోజున బాబాయి ప్లీడరు చేత హాజరు వేయించాడు.

అఫిడవిట్ దగ్గర మాకూ ఆయనకూ గొడవైంది. తూకం చీటీలు లెక్కేస్తే ఇంకా 40 వేలు బాకీ తేలింది. "అసలేమీ బాకీ లేదని రాసేద్దాం" అన్నాం మేం. బాబాయి ఒప్పుకోలేదు. "తీసుకున్నది తీసుకున్నాను కదా" అన్నాడు. ప్లీడరు గారూ ఆయన పక్షమే. బాకీ అని ఒప్పుకున్న సొమ్ము కోర్టులో జమ చేస్తేనే అనుమతి ఇస్తారట. మేకలు అమ్మి కట్టాడు. చదువుకున్న మేం అబద్ధం రాద్దామన్నాం, ఆయన వద్దన్నాడు. ఇప్పటికీ సిగ్గేస్తోంది.

ఈ దశలో నువ్వు గెలుస్తావా అని జడ్జి చూడరు. నీ మాటలో విచారించదగ్గ సంగతి ఉందా అని చూస్తారు. వాదనలో పస లేదనో, ఉత్తి సాకు అనో తేలితేనే అనుమతి నిరాకరించాలి. అనుమానం ఉంటే డబ్బు కట్టమనో, పూచీ ఇమ్మనో షరతు పెట్టొచ్చు. 2022లో బి.ఎల్. కశ్యప్ కేసులో సుప్రీంకోర్టు కూడా అనుమతి ఇవ్వడమే మామూలు పద్ధతి, నిరాకరించడం మినహాయింపు అని చెప్పింది.

బాబాయికి అనుమతి వచ్చింది. గెలిచినట్టు కాదు. కానీ ఆ 4 లక్షల లెక్క ఇప్పుడు విచారణలో తేలాలి, ఆ చీటీలు కోర్టు చూడాలి.

తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, ఈసారి ఊరెళ్లినప్పుడు చూరులో ఏమున్నాయో ఒకసారి చూడండి. కవరు మీద తేదీ కూడా చూడండి.