ఆ విగ్రహం ఆయనదే!

కొన్నేళ్ల క్రితం సంగతి. పేజీ అడుగున నాలుగు లైన్ల ఖాళీ మిగిలింది. 'సరదా ముక్క ఏదైనా ఉంటే ఇచ్చెయ్' అన్నారు డెస్క్‌లో. నా దగ్గర సిద్ధంగా ఉంది. 'హోండురస్ రాజధాని టెగుసిగల్పాలో జాతీయ వీరుడు ఫ్రాన్సిస్కో మొరజాన్ విగ్రహం అసలు ఆయనది కాదు. ప్యారిస్‌లో సెకండ్‌హ్యాండ్‌లో కొన్న నెపోలియన్ సేనాని బొమ్మ!' సాక్షాత్తూ గార్సియా మార్క్వెజ్ 1982లో నోబెల్ ప్రసంగంలో చెప్పిన మాట. ఇక అనుమానమెందుకు?

ఆదివారం అచ్చయింది. మంగళవారం ఓ రిటైర్డ్ మాస్టారు ఫోన్ చేశారు.

'విగ్రహం సంగతి సరేనమ్మా, ఇంతకీ ఆ మనిషెవరు?'

నా దగ్గర జవాబు లేదు. ఎవరో తెలియకుండానే ఓ మనిషిని నవ్వులపాలు చేశానన్నమాట! ఆ సిగ్గుతోనే చదవడం మొదలుపెట్టా.

మొరజాన్ 1792లో టెగుసిగల్పాలో పుట్టాడు. పెద్ద చదువులు లేవు. నోటరీ దగ్గర పనిచేస్తూ చట్టం నేర్చుకున్నాడు. 1821లో స్పెయిన్ పాలన పోయాక గ్వాటెమాల, హోండురస్, ఎల్ సాల్వడార్, నికరాగువా, కోస్టారికా ఒకే సమాఖ్యగా ఏర్పడ్డాయి. అంతలోనే అంతర్యుద్ధం. అందులో గెలిచి 1830లో సమాఖ్య అధ్యక్షుడయ్యాడు మొరజాన్. అందరికీ చదువు, మతస్వేచ్ఛ... ఆ కాలానికి పెద్ద కలలే. అయితే 1829లోనే ఆర్చిబిషప్‌ని దేశం దాటించాడు. ఆ పగ మిగిలిపోయింది.

1837లో కలరా వచ్చింది. గ్వాటెమాల ప్రభుత్వం పల్లెలకు మందులు పంపింది. 'సర్కారే నీళ్లలో విషం కలుపుతోంది' అంటూ పుకారు లేచింది. పన్నులతో, కొత్త చట్టాలతో అప్పటికే మండిపోతున్న పల్లెలు తిరగబడ్డాయి. వాళ్లకు రఫేల్ కరేరా నాయకుడయ్యాడు. మరుసటి ఏడాది నుంచీ రాజ్యాలు ఒక్కొక్కటే విడిపోయాయి. 1840లో కరేరా చేతిలో ఓడి మొరజాన్ దేశం విడిచాడు.

1842లో తిరిగొచ్చి కోస్టారికాలో అధికారం చేపట్టాడు. అయిదింటినీ మళ్లీ కలపాలని సైన్యాన్ని కూడగడుతుంటే అక్కడి జనమే ఎదురుతిరిగారు. సెప్టెంబరు 15న, సరిగ్గా స్వాతంత్ర్య దినం నాడే, శాన్ హోసేలో కాల్చి చంపారు. తనను చంపుతున్నవాళ్లను క్షమిస్తున్నానని వీలునామాలో రాయించాడు. 'కాల్చండి' అన్న ఆజ్ఞ కూడా తానే ఇచ్చాడంటారు.

మరి విగ్రహం? ప్యారిస్‌లో ఆయన కోసమే చేయించి 1883లో ప్రతిష్ఠించిందే. సెకండ్‌హ్యాండ్ కథను తన పుస్తకంతో ఊరూరా తిప్పిన రచయిత ఎడ్వర్డో గలియానో సైతం తర్వాత ఆ మాట వెనక్కి తీసుకున్నాడు. బతికుండగా ఓ పుకారు ఆయన కలను కూల్చడంలో చెయ్యివేసింది. పోయాక మరో పుకారు ముఖాన్నే లాగేసుకుంది. దానికి నేనూ నాలుగు లైన్ల సాయం చేశా.

సవరణ వేశాం. అదీ నాలుగు లైన్లే. మాస్టారికి ఫోన్ చేసి చెప్పా.

'మంచిదమ్మా. ఆ రోజు నవ్వుకున్నవాళ్లంతా ఇది చదివుంటారంటావా?' అన్నారు.

అందుకే, ఈసారి కాస్త ఎక్కువ చోటు అడిగి తీసుకున్నా.