చెయ్యెత్తి చట్టం చేసే లోయ

గ్లారుస్, స్విట్జర్లాండ్
మే నెల

బాబాయ్ గారూ,

స్విట్జర్లాండ్ వెళ్తున్నానంటే మంచుకొండల ఫొటోలు పంపమన్నారు. పంపుతాను. కానీ ముందు ఇది వినండి. ఇక్కడ ఒక ఆదివారం పొద్దున వేల మంది ఊరి మధ్య మైదానంలో నిలబడి, తమ పన్నులు తామే వేసుకుని, తమ చట్టాలు తామే దిద్దుకుని, మధ్యాహ్నం భోజనాలకు వెళ్లిపోయారు. కళ్లారా చూసి వచ్చాను. పెడనలో అద్దకం పనివాళ్ల సంఘాన్ని ఏళ్ల తరబడి నడిపినవారు మీరు. సర్వసభ్య సమావేశంలో కోరం నిండటానికి కుర్రాళ్లను ఇంటింటికీ పరిగెత్తించిన రోజులు మీకు గుర్తుండే ఉంటాయి. అందుకే ఈ సంగతులు మీకు రాయాలనిపించింది.

జూరిక్ నుంచి రైల్లో గంట ప్రయాణం. లోయలోకి మలుపు తిరిగాక రెండు వైపులా కొండలు నిటారుగా లేస్తాయి. ఊరి నెత్తి మీదే గ్లేర్నిష్ పర్వతం, 2,914 మీటర్ల ఎత్తు. కింద లింత్ నది. ఒకప్పుడు ఈ నది మోసుకొచ్చిన రాళ్లూ ఒండ్రూ మేటవేసి, పల్లపు నేలంతా చిత్తడై, మలేరియా ఊళ్లకు ఊళ్లనే మంచాన పడేసేదట. 1807లో జూరిక్‌కు చెందిన హాన్స్ కాన్రాడ్ ఎషర్ ఆధ్వర్యంలో నదిని మళ్లించే పని మొదలైంది. దానికి డబ్బు జనానికి వాటాలు అమ్మి పోగుచేశారు. ఈ లోయ ముఖం ఎన్నడూ చూడనివాళ్లు కూడా కొన్నారు. 1811లో నది కొత్త కాలువలో వాలెన్ సరస్సుకు చేరింది. రైలు కిటికీలోంచి కనిపించే పచ్చిక బయళ్లు అలా దక్కినవే.

గ్లారుస్ ఒక కాంటన్, అంటే మన రాష్ట్రం లాంటిది. జనాభా మాత్రం 40 వేల పైచిలుకే. మన దగ్గర ఒక చిన్న మండలమంత. అయినా సొంత చట్టాలు, సొంత పన్నులు, సొంత కోర్టులు, సొంత పోలీసులు ఉన్నాయి. శాసనసభ కూడా ఉంది, 60 మంది సభ్యులతో. కానీ ఆ సభ్యుల మీద ఇంకో పెద్ద సభ ఉంది. ఓటున్న ప్రతివాడూ దాని సభ్యుడే. దాని పేరు లాండ్స్‌గెమైండె. 14వ శతాబ్దం నుంచీ నడుస్తోంది. ఏటా మే నెల మొదటి ఆదివారం కూడుతుంది. వాతావరణం మరీ అనుకూలించకపోతే వాయిదా వేస్తారు.

ఆ ఉదయం ప్రభుత్వ పెద్దలు, జడ్జీలు బ్యాండు మేళంతో ఊరేగింపుగా మైదానానికి వస్తారు. చుట్టూ చెక్క మెట్లు కట్టి వలయంలా తయారుచేసి ఉంచుతారు. ఓటర్లంతా అందులో నిలబడతారు. పిల్లలకు ముందు వరుస, వేదిక ఎదురుగానే చోటు. పెద్దవాళ్లు ఎలా పోట్లాడుకుంటారో, ఎలా సర్దుకుంటారో వాళ్లు దగ్గర నుంచి చూస్తూ పెరుగుతారన్నమాట. నాలాంటి ఓటులేని పరాయివాళ్లకు వలయం బయట నుంచి చూసే వీలుంది. కాంటన్ అధ్యక్షులు కత్తి మీద చేయి ఆనించి నిలబడి, ఎంతో నమ్మకస్తులైన సాటి గ్లారుస్ వాసులారా అని సంబోధించి సభ ప్రారంభిస్తారు. తర్వాత అందరూ కలిసి ప్రమాణం చేస్తారు. ఆ మర్యాద పిలుపు ప్రతి వక్తకూ తప్పదు. ఎదుటివాణ్ణి ఉతికి ఆరేయడానికి మైకు ముందుకు వచ్చినవాడు కూడా ముందుగా వాణ్ణి నమ్మకస్తుడనే పిలవాలి.

ఇప్పుడు అసలు తతంగం. సభకు కొన్ని వారాల ముందే ఒక పుస్తకం అచ్చేసి ఇంటింటికీ పంపుతారు. ఆ ఏటి ప్రతిపాదనలన్నీ, కారణాలతో సహా, అందులో ఉంటాయి. ప్రతిపాదన పెట్టడానికి పార్టీ ఉండాలని లేదు, వెనక వంద సంతకాలు ఉండాలని లేదు. ఒక్క ఓటరు ఒక్కడే కాగితం రాసి ఇవ్వవచ్చు. పరిశీలించదగినది కాదని శాసనసభ పక్కన పెట్టినా, అదీ పుస్తకంలో అచ్చవుతుంది. దాన్ని తీసుకురావలసిందేనని సభ అంటే మరుసటి ఏడు చర్చకు రావాలి. అంటే నాలుగు గోడల మధ్య ఎవరి మాటనూ తొక్కిపెట్టడం కుదరదు.

సభలో ఒక్కో అంశం చదువుతారు. ఎవరూ మాట్లాడకపోతే ఒప్పుకున్నట్టే, ఓటింగ్ కూడా ఉండదు. మాట్లాడదలిస్తే ఎవరైనా వేదికెక్కవచ్చు. సవరించమనవచ్చు, తిప్పి పంపమనవచ్చు, కొట్టేయమనవచ్చు. ముందు కోరిక చెప్పాలి, తర్వాత కారణం చెప్పాలి, క్లుప్తంగా ముగించాలి. ఆ నియమం మన దగ్గర పెడితే ఎందరు నాయకులు మిగులుతారో మీరే ఊహించుకోండి! తర్వాత అందరూ తమ రంగు ఓటు కార్డులు పైకెత్తుతారు. ఏ వైపు ఎక్కువో అధ్యక్షులు కంటితో చూసి తేల్చేస్తారు. సందేహం వస్తే మళ్లీ ఎత్తిస్తారు, తోటి మంత్రులను అడుగుతారు. ఎంత దగ్గరి పోటీ అయినా తల లెక్కింపు లేదు. తేల్చిన మాటే చివరి మాట.

కంటితో చూసి తేలిస్తే ఎలా ఒప్పుకుంటారని పక్కనున్న ఒక పెద్దావిణ్ణి అడిగాను. అధ్యక్షుడు మోసం చేస్తే ఇన్ని వేల మంది కళ్లు ఎక్కడికి పోతాయి అందావిడ.

ఈ సభ చేసిన పనుల్లో నాకు బాగా నచ్చింది 2006 నాటి కథ. కాంటన్‌లో అప్పటికి 25 గ్రామ పంచాయతీలు ఉన్నాయి. కొన్ని మరీ చిన్నవి. పదవులకు మనుషులు దొరక్క, ఖర్చులకు డబ్బు చాలక ఇబ్బంది పడేవి. వాటిని కలిపి పది చేద్దామని ప్రతిపాదన వచ్చింది. ఇంతలో సభలోంచి ఒక పౌరుడు వేదికెక్కి, పది ఎందుకు, మూడు చాలు అన్నాడు. అంత దూరం ప్రభుత్వమే ఆలోచించలేదు. సభ చేతులెత్తింది. మూడే గెలిచింది.

ఊళ్లు అట్టుడికాయి. తరతరాల పంచాయతీ పోతుందంటే ఎవరికి కడుపు మండదు? వ్యతిరేకులు సంతకాలు సేకరించి ప్రత్యేక సభ పెట్టించారు. 2007 నవంబరు చలిలో జనం మళ్లీ అదే మైదానంలో నిలబడ్డారు, వాదించుకున్నారు, చేతులెత్తారు. ఈసారి మూడు పంచాయతీలకు మద్దతు ఇంకా పెరిగింది. 2011 జనవరి 1 నుంచి ఉత్తరం, మధ్య, దక్షిణం అని మూడే ఉన్నాయి. ఓడినవాళ్లను ఎవరూ కాదనలేదు, నోరు మూయించలేదు. అడిగిన రెండో అవకాశం ఇచ్చారు. 

2007లోనే ఓటు వయసును 16కు తగ్గించారు. స్విట్జర్లాండ్‌లో ఆ పని మొదట చేసింది ఈ కాంటనే. 2021లో చమురు, గ్యాస్‌లతో ఇళ్లు వేడి చేసే కొత్త పరికరాలకు స్వస్తి చెప్పే నిబంధన కూడా పెద్దల సిఫార్సును కాదని ఈ మైదానంలోనే నెగ్గింది. పాతకాలపు ఆచారం గనుక పాత ఆలోచనలే వస్తాయనుకుంటే పొరబాటే.

ఇక మీ వృత్తికి సంబంధించిన విశేషం. బందరు రేవు నుంచి డచ్చివాళ్లూ ఇంగ్లీషువాళ్లూ ఓడలకెత్తిన మన కలంకారీ గుడ్డలు ఐరోపాలో ఎంత పిచ్చి పుట్టించాయంటే, సొంత నేతగాళ్ల మొర విని ఫ్రాన్సు 1686లో వాటి దిగుమతినీ, అక్కడే అచ్చువేయడాన్నీ నిషేధించింది. మతం కారణంగా ఫ్రాన్సు వదిలి వచ్చిన ప్రొటెస్టెంట్లు ఆ అద్దకం విద్యను స్విట్జర్లాండ్‌కు తెచ్చారు. 1740లో గ్లారుస్‌లో మొదటి అద్దకం కార్ఖానా వెలిసింది. 19వ శతాబ్దానికి లోయంతా కార్ఖానాలే. మనవాళ్లు చిరువేరుతో తెచ్చిన ఎరుపును వీళ్లు మంజిష్ఠ జాతి వేరుతో తెచ్చి, తుర్కీ దాకా, జావా దాకా అమ్మారు. అద్దిన గుడ్డలు వేలాడదీసి ఆరబెట్టే పొడవాటి కొయ్య గోపురాలు ఎన్నెండా ఊళ్లో ఇప్పటికీ చూడవచ్చు. కింద నిలబడి పైకి చూస్తుంటే మీరు మన కాలువ గట్టున గుడ్డలు ఆరేయించిన రోజులు జ్ఞాపకం వచ్చాయి.

ఆ వైభవం వెనక పొద్దస్తమానం రంగునీళ్లలో నానిన చేతులున్నాయి, బడి మాని పనికొచ్చిన పిల్లలున్నారు. లింతాల్ ఊరి పాస్టర్ బెర్న్‌హార్డ్ బెకర్ దాని మీద రాసి, ప్రసంగించి యజమానుల ఆగ్రహానికి గురయ్యాడు. మొలిస్ ఊరి డాక్టరు ఫ్రిడొలిన్ షూలర్ పనివాళ్ల జబ్బుల లెక్కలు తీశాడు. మధ్యలో మరో విపత్తు: 1861 మే నెలలో కొండగాలి ఎగదోసిన మంటల్లో గ్లారుస్ పట్టణం మూడింట రెండు వంతులు బూడిదైంది. ఊరు ఇంకా పూర్తిగా లేచి నిలబడకముందే, 1864లో, ఫ్యాక్టరీ చట్టం సభ ముందుకు వచ్చింది. రోజుకు 12 గంటలకు మించి పని వద్దు, రాత్రి పని వద్దు, బడి వయసు పిల్లలు వద్దు. పోటీలో మునిగిపోతామని యజమానులు వాదించారు. ఆ యజమానుల కళ్లెదుటే, అదే మైదానంలో, వాళ్ల కూలివాళ్లు చేతులెత్తారు. పక్కన రైతులూ చేతివృత్తులవాళ్లూ ఎత్తారు. చట్టం నెగ్గింది. పెద్దవాళ్ల పని గంటలకు కూడా హద్దు పెట్టిన చట్టాల్లో ఐరోపా ఖండంలోనే మొదటి వరసలోది. 1877లో దేశం మొత్తానికి 11 గంటల చట్టం వచ్చినప్పుడు దానికి దారి చూపింది ఇదే. దాన్ని అమలు చేయించడానికి నియమించిన ఇన్‌స్పెక్టర్లలో డాక్టరు షూలర్ ఒకడు.

ఇదంతా చదివి వీళ్లు దేవతలనుకోకండి. బహిరంగంగా చెయ్యెత్తడమంటే యజమాని చూస్తాడు, అప్పిచ్చినవాడు చూస్తాడు, బావమరిది చూస్తాడు. మంచాన పడ్డవాళ్లు, ఆదివారం డ్యూటీ ఉన్న నర్సులు రాలేరు. ఆడవాళ్లకు ఇక్కడ చెయ్యెత్తే హక్కు 1971లో గాని దక్కలేదు. ఇలాంటి సభే ఉన్న ఆప్పెంజెల్ ఇన్నర్‌రోడెన్‌లో మగవాళ్లు 1990లో కూడా కాదంటే, ఆ ఏడాదే సుప్రీంకోర్టు ఆదేశించి ఇప్పించవలసి వచ్చింది. ఇంకా మచ్చ ఒకటుంది. 1782లో అన్నా గెల్ది అనే పనిమనిషిని మంత్రగత్తెగా ముద్రవేసిన కేసులో తల నరికిన నేల ఇదే. 2008లో కాంటన్ ఆమె నిర్దోషి అని ప్రకటించింది. ఎన్నెండాలోని ఒక గుడ్డలారబెట్టే గోపురంలోనే ఆమె పేర మ్యూజియం పెట్టి, తమ పూర్వుల ఘోరాన్ని బడిపిల్లలకు చూపిస్తున్నారు.

ఒకప్పుడు చాలా కాంటన్లలో ఈ సభ ఉండేది. 1990లలో మరో మూడు దాన్ని ఎత్తేశాయి. ఇప్పుడు మిగిలినవి రెండే. గ్లారుస్‌లో ఎందుకు నిలిచిందని ఆలోచిస్తే నాకు తోచింది ఇది. సమాజాన్ని బాగుచేయాలంటే ముందు అందరి విలువలూ ఒకటి కావాలని మనం ఉపన్యాసాలు దంచుతాం. ఇక్కడ క్రమం తిరగబడింది. విలువలు కలవకపోయినా పని కలిసి చేశారు. పన్ను ఎంతో కలిసి తేల్చారు, పంచాయతీలను కలిసి కలిపారు, పని గంటలు కలిసి తగ్గించారు. అలా చేయగా చేయగా పంచుకున్న విలువలు వాటంతట అవే పేరుకున్నాయి. పైగా ఆ పద్ధతి తనను తాను మార్చుకుంటూ వచ్చింది. ఆడవాళ్లను కలుపుకుంది, 16 ఏళ్ల పిల్లలను కలుపుకుంది. కలుపుకున్న ప్రతిసారీ దానికి మరో తరం ఆయుష్షు పెరిగింది.

తినే సంగతి రాయకపోతే పిన్ని ఊరుకోదు. ఇక్కడ షాబ్‌త్సీగర్ అనే ఆకుపచ్చ జున్ను గడ్డ ఉంది, గట్టిగా, కోసుగా. వెన్న తీసిన పాలతో చేసి, మన మెంతికి దగ్గరి చుట్టమైన ఒక మొక్క పొడి కలుపుతారు. డబ్బా తెరిస్తే మెంతిపొడి వాసనే! దీన్ని ఎలా చేయాలో, ఎవరు చేశారో తెలిసేలా ముద్ర ఎలా వేయాలో 1463లోనే ఈ సభ కట్టడి చేసిందని చెబుతారు. ఒక గడ్డ తెస్తున్నాను. పెరుగన్నంలోకి బాగుంటుందేమో పిన్నినే తేల్చమనండి.

ఇక నా విన్నపం. వేల మందిని మైదానంలో నిలబెట్టమని మీకు చెప్పను. ఈసారి మీ సంఘం సర్వసభ్య సమావేశానికి మాత్రం రెండు పనులు చేయించండి. జమాఖర్చులూ, చర్చకు వచ్చే అంశాలూ నెల ముందే అచ్చేసి ప్రతి సభ్యుడి ఇంటికీ పంపించండి. అద్దకపు బల్ల దగ్గర పనిచేసే ఏ ఒక్కరు కాగితం రాసిచ్చినా, అది మీకు నచ్చినా నచ్చకపోయినా, ఆ అచ్చులో చేర్చండి. అప్పుడు కోరం కోసం కుర్రాళ్లను పంపనవసరం ఉండదని నా నమ్మకం. తన మాట అచ్చయిన సమావేశానికి రాకుండా ఎవరుంటారు?

పిన్నికి నమస్కారాలు, పిల్లలకు ఆశీస్సులు.

మీ అబ్బాయి