నిషికి సందులోంచి అమ్మకు

క్యోటో
12 నవంబర్ 2024, మంగళవారం రాత్రి

అమ్మకు,

ఫోనులో సగం చెప్పి సగం మర్చిపోతున్నానని, చూసింది చూసినట్టు రాసి పంపమన్నావుగా. రాస్తున్నాను, నింపాదిగా చదువుకో.

ముందు ఒక తప్పు నీకు చెప్పుకోవాలి. నిన్న మధ్యాహ్నం ఆకలికి ఆగలేక ఒక చిన్న హోటల్లో ఉడాన్ తిన్నాను. గోధుమపిండితో చేసిన లావుపాటి సేమ్యాలాంటిది, వేడివేడి చారులో వేసి ఇస్తారు. మాంసం లేదు కదా, చేప లేదు కదా అని తెలిసినవాళ్ల చేత జపానీలో రాయించుకున్న కాగితం చూపించి మరీ అడిగాను. లేదన్నారు. సగం గిన్నె ఖాళీ అయ్యాక గానీ ఆ వాసన దేనిదో నాకు తట్టలేదు. వాళ్లు అబద్ధమాడలేదమ్మా. గిన్నెలో చేపముక్క లేదు, అంతే. కానీ ఆ చారు పుట్టేదే చేపతో. దాన్ని దాషి అంటారు. కత్సువొ అనే చేపను ఉడికించి, పొగబెట్టి, కట్టెముక్కలా గట్టిపడేదాకా ఎండబెట్టి, చిత్రిక పట్టినట్టు పల్చగా గీస్తారు. ఆ పొరల్ని వేడినీళ్లలో వేసి తీసిన రసమే దాషి. మన చారుకు చింతపండు ఎలాగో వీళ్ల వంటకు అది అలాగ. చింతపండు వేశారా అని మనల్ని ఎవరైనా అడిగితే మనకు మాత్రం తోస్తుందా?

అదీ కార్తీక సోమవారం పూట. రాత్రంతా మనసు మనసులో లేదు. తెలియక జరిగింది కాబట్టి దోషం లేదని నువ్వంటావని తెలుసు. అయినా నీకు చెప్పకుండా ఉండలేకపోయాను.

ఈ దేశంలో ఏం తింటున్నానో తెలియాలంటే హోటల్లో కూర్చుంటే లాభం లేదని అప్పుడే అనుకున్నాను. ఎల్లుండి ఒకావిడ తన ఇంట్లో గ్యోజా, అంటే పూర్ణం పెట్టి మడిచే తిండి, చేయడం నేర్పుతుందట. ముందు మార్కెట్‌కు తీసుకెళ్లి, అక్కడ కొన్నవాటితోనే వండిస్తుంది. శాకాహారినని, ఈ నెల ఉల్లి, వెల్లుల్లి కూడా ముట్టనని ముందే రాశాను. రమ్మని జవాబిచ్చింది.

నీ పెద్దమ్మాయి


క్యోటో
14 నవంబర్, గురువారం రాత్రి

అమ్మకు,

రేపు పౌర్ణమి. ఈపాటికి నువ్వు మూడువందల అరవై అయిదు వత్తులూ నేతిలో తడిపి పక్కన పెట్టేసి ఉంటావు.

పొద్దున పదింటికి నిషికి తెన్మంగూ గుడి దగ్గర కలుద్దామంది సెన్సే. ఇక్కడ చదువు చెప్పేవాళ్లను అలాగే పిలుస్తారు. ఆమెకు అరవై దాటి ఉంటాయి. నాతోపాటు నేర్చుకోవడానికి ఇంకో ఇద్దరు వచ్చారు. గుడి చదువుల దేవుడిది. ముందు కంచు ఎద్దు పడుకుని ఉంది, దాని తల నిమిరితే చదువు వస్తుందని నమ్మకం. ఎంతమంది నిమిరారో, ఒళ్లంతా నల్లబడ్డా తల మాత్రం పూజగది గంటలా మెరుస్తోంది. లోపల భూమిలోంచి వచ్చే నీళ్లకు కుళాయి పెట్టారు. ఊరివాళ్లు సీసాలు తెచ్చి నింపుకెళ్తున్నారు. చల్లగా, ఏ వాసనా లేకుండా ఉన్నాయి.

అక్కణ్నుంచి నిషికి బజారులోకి వెళ్లాం. ఈ బజారు పుట్టిందే ఆ నీళ్ల చలువ వల్ల. ఐసు లేని రోజుల్లో ఇక్కడి బావినీళ్లతోనే చేపల్ని చెడకుండా కాపాడుకునేవాళ్లు. 1615లో అప్పుడు దేశాన్ని ఏలుతున్న షోగున్ ప్రభుత్వం ఇక్కడ చేపల వ్యాపారానికి అనుమతి ఇచ్చింది. అప్పటినుంచీ ఇది క్యోటో వంటిల్లు. మొత్తం 390 మీటర్లే, జనం నిండితే ఒత్తిగిలి నడవాల్సినంత ఇరుకు. పైన ఎరుపు, పసుపు, ఆకుపచ్చ అద్దాల కప్పు. అటూ ఇటూ కలిపి నూట ముప్ఫై దాకా దుకాణాలు. 1560లో మొదలైన కత్తుల కొట్టు కూడా ఇక్కడే ఉంది. ఒకప్పుడు యుద్ధానికి కత్తులు చేసినవాళ్లు ఇప్పుడు కూరలు తరగడానికి చేస్తున్నారు. కొన్న కత్తి మీద మన పేరు చెక్కి ఇస్తారు. నడుస్తూ తినకూడదు, కొన్న కొట్టు ముందే నిలబడి తినేసి వెళ్లాలి. పుల్లకు గుచ్చిన తిండి అమ్మే కొట్లు మరీ ఎక్కువయ్యాయని, ఊరి ఆడవాళ్లు సరుకులకు రావడం తగ్గిందని సెన్సే బాధపడింది. ఆమె బాధ నాకు న్యాయంగానే తోచింది. బజారంటే ఇంటికి సంచి నింపుకెళ్లే చోటు కదా.

కూరగాయల కొట్టు ముందు నిలబడిపోయాను. మన చేమదుంపల్లాంటివే, కానీ జానెడు పొడుగున రొయ్యలా వంపు తిరిగి, ఒంటినిండా అడ్డచారలతో ఉన్నాయి. పేరే ఎబిఇమో, అంటే రొయ్యదుంప! చెర్రీ రంగు క్యారెట్లు. మీ మనవడి తలకాయంత తెల్లటి టర్నిప్ దుంపలు. వాటిని అప్పడంలా పల్చగా కోసి ఊరగాయ పెడతారు, ఈ చలికాలానికే. పక్కన కుజో నెగి అనే ఉల్లికాడల కట్టలు. సెన్సే ఒక ఆకు తుంచి చూపించింది. లోపల జిగురు తళతళలాడుతోంది. చలి పెరిగేకొద్దీ ఆ జిగురు ఎక్కువై తియ్యబడుతుందట. కట్ట కొని, ‘ఇది మిగతావాళ్లకు, నీకు కాదు’ అంది. నేను రాసింది గుర్తుపెట్టుకుందని ఎంత సంతోషం వేసిందో.

ఊరగాయల కొట్లో పీపాల నిండా తడి తవుడు. వంకాయలు, దోసకాయలు, ముల్లంగి అందులో పూడ్చిపెట్టి పులియనిస్తారు. తవుడును వీళ్లు ‘నుక’ అంటారు. మన నూక ఏదో, వీళ్ల నుక ఏదో, రెండూ వడ్లలోంచే వచ్చినవి. ఆ తవుడును రోజూ చేత్తో కలపాలట, లేకపోతే పాడైపోతుంది. ప్రయాణాలకు వెళ్లేటప్పుడు పక్కింటివాళ్లకు అప్పజెప్పి వెళ్లేవాళ్లట. నువ్వు తులసికోటకు నీళ్లు పోయమని అత్తయ్యగారికి చెప్పి వచ్చినట్టు.

ప్రతి కొట్లోనూ సెన్సే నా తరఫున ఒకటే అడిగింది, దాషి పడిందా అని. వేయించిన టోఫు చూపించి అడిగింది. ఊరగాయ చూపించి అడిగింది. ఒక కొట్లో ఆయన లోపలికి వెళ్లి భార్యను కనుక్కుని వచ్చి, ఉంది, తినొద్దని చేతులు అడ్డంగా పెట్టి చెప్పాడు. అమ్ముకోవాల్సిన మనిషే అమ్మలేదు. హోటల్లో నాకు దొరకని జవాబు బజారులో దొరికింది, ఎందుకంటే ఇక్కడ ఆ సరుకు చేసినవాళ్లే నిలబడి ఉన్నారు.

సందు పడమటి కొసన ఇతో జకుచూ అనే చిత్రకారుడి జ్ఞాపకార్థం గుర్తు ఉంది. 1716లో ఇక్కడి కూరగాయల మండీ ఇంట్లో పెద్దకొడుకుగా పుట్టి, నలభై ఏళ్లకు వ్యాపారం తమ్ముడికి ఒప్పజెప్పి బొమ్మలు గీసుకున్నాడు. పోటీ బజారువాళ్ల వల్ల 1771లో నిషికి మూతపడబోతే, కుంచె పక్కన పెట్టి మూడేళ్లు అధికారుల చుట్టూ తిరిగి నిలబెట్టింది ఆయనే. ఆయన గీసిన ఒక బొమ్మ గురించి విని నువ్వే గుర్తొచ్చావు. బుద్ధుడి మహాపరినిర్వాణం. కానీ పడుకుని ఉన్నది బుద్ధుడు కాదు, ముల్లంగి. బోర్లించిన బుట్ట మీద ముల్లంగి పడుకుంటే, చుట్టూ కూరగాయలూ పళ్లూ చేరి దుఃఖిస్తుంటాయి. సాలవృక్షాల బదులు మొక్కజొన్న మొక్కలు. అది ఇక్కడి జాతీయ మ్యూజియంలో ఉంది. సెన్సే పుస్తకంలో అచ్చుబొమ్మ చూపించింది. కూరలమ్మే ఇంట్లో పుట్టి వాటిని అంత గౌరవంగా చూసినవాడు ఇంకొకడు ఉండడనిపించింది.

సెన్సే ఇల్లు పాతకాలపు చెక్క ఇల్లు. ముఖం ఇరుకు, లోపలికి పోయేకొద్దీ పొడుగు. పిండి వేడినీళ్లతో కలిపించింది. 200 గ్రాముల పిండికి 100 మిల్లీలీటర్ల పైచిలుకు నీళ్లు, చిటికెడు ఉప్పు. చెవితమ్మె మెత్తన వచ్చేదాకా పిసికి, తడిగుడ్డ కప్పి అరగంట వదిలేయాలి. ఈలోగా పూర్ణం. క్యాబేజీని సన్నగా తరిగి ఉప్పు చల్లి, పది నిమిషాలాగి గట్టిగా పిండాలి. నేను పిండింది సెన్సే తీసుకుని మళ్లీ పిండితే ఇంకో అరగ్లాసు నీళ్లు కారాయి! ‘నీళ్లు మిగిలితే మడత నిలవదు’ అంది. గట్టి టోఫు చిదిమి, నానబెట్టిన ఎండు షీటకే పుట్టగొడుగులు, అల్లం, సోయా సాస్, నువ్వులనూనె కలిపాం. మిగతా ఇద్దరూ పందిమాంసం, వెల్లుల్లి వేసుకున్నారు. నా పళ్లెం, నా కత్తి, నా మూకుడు వేరు. ఇక్కడి బౌద్ధ మఠాల వంటలోనూ ఉల్లి, వెల్లుల్లి నిషేధమేనట. అందుకే నా నియమం ఆమెకు కొత్తగా అనిపించలేదు.

ఇక అసలు సంగతి. పిండి ఉండల్ని అప్పడాల కర్రతో అంచులు పల్చగా, నడుమ కాస్త మందంగా ఒత్తాలి. అరచేతిలో పూరీ పెట్టి, చెంచాడు పూర్ణం ఉంచి, సగం అంచుకు తడివేలు రాసి, మనవైపు అంచును మాత్రమే కుచ్చిళ్లలా అయిదారు మడతలు పెడుతూ అవతలి అంచుకు అతికించాలి. వెనకవైపు చదునుగానే ఉండాలి. అప్పుడు అది దానంతటదే నెలవంకలా వంగి, పెనం మీద కుదురుగా కూర్చుంటుంది. నా మొదటిదే సరిగ్గా వచ్చింది. ఎక్కడ నేర్చుకున్నావని సెన్సే చెయ్యి పట్టుకుని అడిగింది. దీపావళికి మా అమ్మ పక్కన కూర్చుని కజ్జికాయలు చుట్టానని చెప్పాను. నువ్వు ఎప్పుడూ అచ్చు వాడనివ్వలేదు, బొటనవేలితో అంచు అల్లమనేదానివి. అప్పుడు విసుక్కునేదాన్ని. ఇవాళ నా వేళ్లకు అదే గుర్తొచ్చింది.

నూనె రాసిన పెనంలో వరసగా పేర్చి, అడుగు ఎర్రబడ్డాక కాసిని నీళ్లు పోసింది. చుర్రుమంది. వెంటనే మూత. నాలుగైదు నిమిషాలకు నీళ్లు ఇగిరిపోయాక నువ్వులనూనె చుట్టూ తిప్పి, పళ్లెం బోర్లించి తిరగేసింది. అడుగు కరకర, పైన మెత్తన. తినగానే నా నోట ‘కరకర’ అని వచ్చేసింది. సెన్సే ఆగిపోయి చూసింది. వాళ్లు దాన్ని ‘కరికరి’ అంటారట! ఇద్దరం ఆ మాటలు మార్చి మార్చి అనుకున్నాం.

తినేటప్పుడు చెప్పింది. వాళ్లమ్మ చైనాలోని మంచూరియాలో పుట్టి, రెండో ప్రపంచయుద్ధంలో జపాన్ ఓడిపోయాక 1946లో చిన్నపిల్లగా ఓడలో తిరిగొచ్చిందట. చైనావాళ్లు తమ గ్యోజా అయిన జియావోజును ఎక్కువగా నీళ్లలో ఉడికించి, అదే భోజనంగా తింటారు. అలా తిరిగొచ్చిన సైనికులూ కుటుంబాలూ దాన్ని ఇక్కడ చేసి అమ్మి బతికారు. పెనం మీద కాల్చడం, వెల్లుల్లి దట్టించడం, పల్చటి పొర, అన్నంలోకి నంజుకోవడం, అన్నీ ఇక్కడ స్థిరపడినవే. ఇల్లూ వాకిలీ అక్కడ వదిలేసి వచ్చిన వాళ్లమ్మకు మిగిలింది ఈ మడత ఒక్కటేనని సెన్సే అంది. తర్వాత కాసేపు ఎవరం మాట్లాడలేదు.

నీ పెద్దమ్మాయి


టోక్యో వెళ్లే రైల్లో
17 నవంబర్, ఆదివారం

అమ్మకు,

ఇది చిన్న ఉత్తరమే. నిన్న వెళ్లొస్తానని చెప్పడానికి నిషికికి మళ్లీ వెళ్లాను. ఈసారి సెన్సే లేదు, అయినా దాషి సంగతి నేనే అడగగలిగాను. అడ్డంగా చేతులు పెట్టి చెప్పిన కొట్టాయన నన్ను గుర్తుపట్టి, తినదగ్గవి ఏవో వేలితో చూపించాడు. ఎండు షీటకేలు పావుకిలో, సముద్రపు నాచు కొంబు ఒక కట్ట కొన్నాను. కొంబును రాత్రి నీళ్లలో వేసి ఉంచితే చేప అక్కర్లేని దాషి వస్తుంది. మనింటికి అది చాలు.

26న ఇంట్లో ఉంటాను. అప్పటికి కార్తీకం వెళ్లదు కాబట్టి ఉల్లి, వెల్లుల్లి లేకుండానే చేద్దాం. గట్టి క్యాబేజీ ఒకటి, మైదా అరకిలో, అల్లం తెప్పించి ఉంచు. అట్ల పెనం కాదు, అంచున్న ఇనుప మూకుడు, దానికి సరిపడే మూత తీసి కడిగిపెట్టు. అత్తయ్యగారిని కూడా రమ్మను, మడతలు పెట్టడానికి ఇంకో జత చేతులు కావాలి.

నీ పెద్దమ్మాయి