పసుపు కండువా, పొగాకు బేళ్లు

"మీరు కండువా ఏసుకుని ఊరేగండి. రేపు బేళ్లు నేను మోసుకెళ్తాను లెండి."

బస్సు హారన్ కొడుతుంటే పెద్దమ్మ అన్న మాట ఇది. పెదనాన్న విననట్టే చెప్పులేసుకున్నాడు. పెద్దమ్మ గుమ్మం దాకా వచ్చి, "ఆ కౌలు సంగతి ఎవర్నన్నా అడగండి" అని మాత్రం గుర్తుచేసింది.

2023 మే 28, ఆదివారం. జంగారెడ్డిగూడెం నుంచి రాజమండ్రి పక్కన వేమగిరికి, తెలుగుదేశం మహానాడుకు బయల్దేరాం. నాకు పార్టీ పిచ్చి లేదు. గోదావరి మీద ఒక మంచి రీల్ వస్తుందని వెళ్లా, అంతే. పెదనాన్న అలా కాదు. 1983లో విజయవాడ మహానాడుకు లారీ ఎక్కి వెళ్లిన బ్యాచ్. ఎన్టీఆర్ ముఖ్యమంత్రి అయిన ఏడాది అది. దేశంలోని కాంగ్రెసేతర నాయకుల్ని అప్పుడే బెజవాడకు పిలిచారు. పెదనాన్నకి గుర్తున్నది మాత్రం లారీలో నిలబడి కాళ్లు వాచిపోవడం!

మనకి మహానాడంటే ఫోన్‌లో వచ్చే స్పీచ్ ముక్కలే. ఎన్టీఆర్ పుట్టినరోజు మే 28 కదా, దాని చుట్టూ పెట్టుకునే పార్టీ పండగ ఇది. తీర్మానాలు, ఫొటో ఎగ్జిబిషన్, రక్తదానం, భోజనాలు. పైగా 2023 ఆయన శతజయంతి. మొదటి రోజు ప్రతినిధుల సభ, రెండో రోజు బహిరంగ సభ. మేం వెళ్లింది రెండోదానికి.

కొయ్యలగూడెం, గోపాలపురం దాకా పొగాకు బ్యారన్లు, పామాయిల్ తోటలు. దేవరపల్లిలో హైవే ఎక్కాక డ్రైవర్ కబుర్లు మొదలెట్టాడు. 2022లో భీమవరంలో అల్లూరి విగ్రహం ఆవిష్కరించడానికి మోదీ వచ్చినప్పుడు జనాన్ని తీసుకెళ్లిందీ, గుంటూరు దగ్గర వైసీపీ ప్లీనరీకి వెళ్లిందీ ఈ బస్సేనట. "జెండా ఏదైనా డీజిల్ ఒకటే బాబూ" అన్నాడు. బస్సులో ఎవరూ నవ్వలేదు.

గోదావరి రాగానే అందరూ కిటికీల మీద పడి చిల్లర విసిరారు. నా రీల్‌లో నది కన్నా ఎవరిదో మోచెయ్యే ఎక్కువ పడింది.

సభలో స్టేజీ మాకు చుక్కంత. ఎల్‌ఈడీ తెరే దిక్కు. మధ్యాహ్నం దాకా మాడ్చేసిన ఎండ, సాయంత్రానికి గాలివాన. ఫ్లెక్సీలు ఊగిపోతుంటే జనం ప్లాస్టిక్ కుర్చీలు తలమీద పెట్టుకున్నారు. చంద్రబాబు తొలి విడత హామీలు ప్రకటించారు. 18 నుంచి 59 ఏళ్ల ఆడవాళ్లకు నెలకు 1,500, బస్సు ఉచితం, నిరుద్యోగులకు నెలకు 3,000, రైతుకు ఏడాదికి 20 వేలు. 20 వేలనగానే కుర్చీ కింద నుంచి పెదనాన్న నా చెవిలో అడిగాడు.

"రైతంటే ఎవడ్రా? పట్టా ఉన్నోడా, దున్నేవాడా?"

ఆయన కౌలు రైతు. భూమి ఒకరిది. బ్యారన్ లైసెన్సూ ఆయన పేరున లేదు. పొగాకు అమ్మిన డబ్బు ముందు యజమాని ఖాతాలో పడుతుంది, కౌలు పోగా మిగిలింది ఈయన చేతికొస్తుంది. నలభై ఏళ్లుగా జెండా మోసిన మనిషికి ఈ ఒక్క ప్రశ్న అడగడానికి అక్కడ మనిషి దొరకలేదు. మా మండలం నాయకుణ్ణి పట్టుకుంటే, "అన్నీ తర్వాత చెప్తార్లే, ముందు బస్సెక్కండి, తడిసిపోతున్నారు" అన్నాడు.

తిరుగు ప్రయాణంలో బస్సంతా ఇదే గోల. చూస్తే సగం మంది కౌలు వాళ్లే. కార్డు ఉంటే ఇస్తారని ఒకాయన, యజమాని సంతకం పెడితేగా కార్డొచ్చేదని ఇంకొకాయన. కొవ్వూరు దాటేసరికి అందరూ నిద్రలో ఉన్నారు. పెదనాన్న ఒక్కడే కండువా పిండుకుని కిటికీకి ఆరేసి కూర్చున్నాడు.

ఇల్లు చేరేసరికి రాత్రి రెండు దాటింది. పొద్దున ఆరింటికి నేను లేచి చూస్తే బేళ్లు ట్రాక్టర్ ఎక్కిపోయాయి. పైన కప్పిన పట్టాకి తాడు బిగిస్తున్నాడు పెదనాన్న. పెద్దమ్మ కాఫీ గ్లాసు అందించింది.

"అడిగారా?"

"అడిగాను."

"ఏమన్నారు?"

"వర్షం వచ్చేసిందే."