తల్లి ఆగింది, కూతురు ఆగలేదు

జేన్ మాండర్ 1920లో రాసిన ‘ద స్టోరీ ఆఫ్ ఎ న్యూజిలాండ్ రివర్’ నవల నిన్న రాత్రి పూర్తి చేశాను. ఆక్లాండ్‌కి ఉత్తరాన కైపరా తీరం, కౌరీ చెట్లు నరికే రోజులు. కథానాయిక ఆలిస్‌కి భర్త మీద లేని ప్రేమ డేవిడ్ బ్రూస్ మీద ఉంది. అయినా హద్దు దాటదు. ఏళ్ల తరబడి ఒళ్లూ మనసూ బిగబట్టుకునే బతుకుతుంది. కూతురు ఏషియా మాత్రం పెళ్లైనవాడిని ప్రేమించి, ఎవరి దగ్గరా దాచకుండా అతనితో వెళ్లిపోతుంది.

ఈ నవల వచ్చిన ఏడేళ్లకి, 1927లో, మన చలం ‘మైదానం’ వచ్చింది. సముద్రాల అవతలా ఇవతలా ఆడవాళ్లని నలిపింది ఒకే ప్రశ్న: నా శరీరం ఎవరి మాట వినాలి?

ఆగిన తల్లీ, వెళ్లిన కూతురూ ఇద్దరూ నాకు గొప్పగానే కనిపించారు. తమ నిర్ణయం బరువు తామే మోశారు. మన ఇళ్లలో మౌనంగా ఆగిపోయిన అమ్మలు ఎంతమందో! వాళ్లనీ ఒక్కసారి అడగాలనిపించింది, ఏం కావాలనుకున్నారో.