నాలుగో సీటు

మావారికి బదిలీ అయి మేం ముంబయి దగ్గర డోంబివ్లీ వచ్చిన ఏడాదికే, 2015 జనవరిలో, మా అత్తగారికి ఆపరేషన్ చెయ్యాలన్నారు. ఆస్పత్రేమో దాదర్ దగ్గర. రాత్రిళ్ళు మావారు, పగలు నేను. పొద్దున్నే పత్యం వండి, క్యారేజీ పట్టుకుని లోకల్ ఎక్కాలి. అంతవరకూ నేను ఒంటరిగా రైలెక్కిన దాన్ని కాను.

మొదటిరోజు మూడు బళ్ళు వదిలేశాను. అర నిమిషం కూడా ఆగదు కదా! నాలుగో బండికి వెనకున్న ఆడవాళ్ళే నన్ను లోపలికి నెట్టేశారు. చారు ఒలికి చీరంతా మరకలు. కళ్ళనీళ్ళు తిరిగాయి.

ఇక్కడ ప్రతి లోకల్‌కీ ఆడవాళ్ళ పెట్టెలుంటాయి. పశ్చిమ లైనులోనైతే 1992 నుంచీ బండికి బండే ఆడవాళ్ళకి వేశారు. మాది సెంట్రల్ లైను. 1853లో మన దేశపు మొదటి ప్యాసింజరు రైలు బోరీబందర్ నుంచి ఠాణేకి నడిచింది ఈ దారినే.

పెట్టెలో అందరూ "ఎక్కడ దిగుతారు?" అని అడుగుతుంటే పలకరింపు అనుకున్నాను. కాదు, సీటు బేరం! దిగేవాళ్ళ సీటు ముందే మాట్లాడేసుకుంటారు. ముగ్గురు కూర్చునే సీటు చివర నాలుగో ఆవిడ సగం గాల్లోనే కూర్చుంటుంది. దాన్ని 'ఫోర్త్ సీట్' అంటారు. ఒకరోజు సాయంత్రం తిరుగు బండిలో ఒకావిడ నా క్యారేజీ చూసి, "ఆస్పత్రా?" అని జరిగి ఆ సగం సీటిచ్చింది. ఆవిడ ఒళ్ళో పచ్చిబఠాణీల సంచీ. ఠాణే వచ్చేలోగా రాత్రి కూరకి ఒలిచేసుకుంటుందిట. చేతులూరుకోక నేనూ ఒలిచాను. ఆ తర్వాత రోజూ అదే పెట్టె, అదే ఆవిడ.

ఆపరేషన్ రోజు పొద్దున పెట్టెలో హల్దీకుంకుం. సంక్రాంతి నుంచి రథసప్తమి దాకా మరాఠీ వాళ్ళ పేరంటం అది. నుంచోడానికే చోటు లేదు, అయినా కుంకుమ భరిణె చేతులు మారి నా దాకా వచ్చింది. ఎవరో నువ్వుండ చేతిలో పెట్టి, తియ్యగా మాట్లాడమన్నారు. భయంతో నోరు పెగలని నన్ను!

అత్తగారికి బాగానే జరిగింది. ఇంటికి పంపే ముందురోజు పెద్ద డబ్బాతో పులిహోర పట్టుకెళ్ళాను. ఘాట్కోపర్ వచ్చేసరికి ఖాళీ. డబ్బా కడిగి ఇస్తానని బఠాణీలావిడ తీసేసుకుంది. సాయంత్రం ఇచ్చినప్పుడు చూస్తే నిండా ఒలిచిన గింజలు.

మర్నాడు రాత్రి వాటితో ఉప్మా చేశాను. నెల్లాళ్ళ తర్వాత అత్తగారు మారు వడ్డించమన్నారు.